గేమ్ వదలడం లేదు: సైకియాట్రిస్టుతో ఫోన్-ఇన్

యాంకర్: ఖమ్మం నుంచి కాలర్ ఉన్నారు. చెప్పండమ్మా.

కాలర్: హలో... హలో... వినపడుతోందాండీ?

యాంకర్: టీవీ సౌండ్ తగ్గించి మాట్లాడండి.

కాలర్: ఆఁ, తగ్గించా. మా బాబు ఇంటర్ సెకండియర్ అండీ. కరోనాలో ఆన్‌లైన్ క్లాసులని మేమే ఫోన్ కొనిచ్చాం. 2020లో పబ్జీ గేమ్ బ్యాన్ చేస్తే హమ్మయ్య అనుకున్నా. మళ్లీ పేరు మార్చుకుని వచ్చిందటగా. రాత్రి మూడింటికీ అదే. అన్నం ముద్ద నోట్లో పెట్టుకుని నమలడం కూడా మర్చిపోతాడు. మా అత్తగారేమో నా గారాబమే అంటారు. మొన్న వాళ్ల నాన్న ఫోన్ లాక్కుంటే గోడకేసి తల బాదుకున్నాడు. పగలగొట్టేద్దామా అండీ ఆ ఫోన్?

డాక్టర్: వద్దమ్మా. ఒక్కసారిగా లాక్కోవద్దు. నిద్ర ఎంతసేపు?

కాలర్: పొద్దున కాలేజీకి లేవడండీ. అటెండెన్స్ తక్కువైందని ఫోన్ చేస్తున్నారు. మా ఆడపడుచు కొడుకు అదే కాలేజీలో...

డాక్టర్: వాళ్ల సంగతి తర్వాత. తల బాదుకున్నాడన్నారే, చచ్చిపోతానని ఎప్పుడైనా అన్నాడా?

కాలర్: ఒకసారి అన్నాడండీ. బెదిరిస్తున్నాడనుకున్నాం.

డాక్టర్: అలా కొట్టిపారేయకండి. రేపే సైకియాట్రిస్టుకు చూపించండి. అప్పటిదాకా ఒంటరిగా వదలొద్దు. అర్ధరాత్రయినా 14416కి చేయండి, టెలి మానస్ అని ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్, ఉచితం, తెలుగులో మాట్లాడతారు. లోపల డిప్రెషన్ ఉండి కూడా పిల్లలు గేముకు అతుక్కుపోతారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లోనే ఈ గేమ్ వ్యసనాన్ని జబ్బుల జాబితాలో చేర్చింది. మొండితనమని కొడితే తగ్గేది కాదు.

కాలర్: అయితే ఫోన్ పగలగొట్టొద్దంటారా?

డాక్టర్: అమ్మా, ఇప్పుడేగా చెప్పాను! లాక్కోవద్దు, పగలగొట్టొద్దు. ముందు నిద్ర సరిచేయండి. రాత్రి పదింటికి ఇంట్లో అందరి ఫోన్లూ హాల్లో పెట్టాలి. మీవారిది కూడా.

కాలర్: ఆయన పడుకునేదాకా రీల్స్ చూస్తారండీ.

డాక్టర్: మరి వాడొక్కడే ఎందుకు వింటాడు? ముందు ఆయనతో మాట్లాడండి. డాక్టర్ దగ్గరికి ఆయన్నీ తీసుకెళ్లండి.

యాంకర్: థాంక్యూ అమ్మా. తర్వాత హైదరాబాద్ నుంచి.

కాలర్: సార్, సాఫ్ట్‌వేర్ జాబ్. నైట్ ఆడి మీటింగుల్లో నిద్రపోతున్నా. బొటనవేలు నొప్పి. మా ఆవిడ పుట్టింటికెళ్లింది.

డాక్టర్: ఆమెకు ఫోన్ చేశారా?

కాలర్: లేదు సార్. గేమ్ తగ్గించాక చేద్దామని.

డాక్టర్: ముందు చేయండి. వేలు ఎముకల డాక్టరుకు చూపించండి. ఎంతకాలంగా ఇలా...

యాంకర్: లైన్ కట్ అయింది సార్. విజయవాడ నుంచి, హలో?

కాలర్: మా పాపకు ఆరేళ్లండీ, ఫోన్ చూపిస్తేనే అన్నం...

యాంకర్: సారీ అండీ, టైమైపోయింది. థాంక్యూ డాక్టర్ గారూ.

డాక్టర్: ఆ ఖమ్మం అమ్మగారు రేపే వెళ్లాలండీ. వాయిదా వేయొద్దు.