25 ఎకరాలు లేకపోతే లెక్కలోకి రాదట! | కోనసీమలో కూర్చుని మోంటానా ముచ్చట్లు

హాయ్ అండీ, అందరూ బావున్నారా? ఈ వీడియో మా కోనసీమ నుంచే. కానీ చూపించేది మాత్రం అమెరికాలోని మోంటానా రాష్ట్రం! అక్కడ గ్లేసియర్ నేషనల్ పార్కులో తీసిన క్లిప్పులు ఫోన్లోనే పడి ఉన్నాయి. ఇవాళ కరెంటుంది, నెట్ ఉంది, పక్కన మా బాబాయ్ కూడా ఉన్నారు. ఇంకేం కావాలి?

ఇదిగోండి, గ్రిన్నెల్ హిమానీనదం. ఇక్కడిదాకా కారు రాదు. మెనీ గ్లేసియర్ అనే చోట దిగి, ఒకవైపుకే 5 మైళ్ళు పైచిలుకు ఎక్కాలి. ఆ చెరువు నీళ్ళ రంగు చూశారా? ఫిల్టర్ వెయ్యలేదండి బాబూ! మంచు కదులుతూ కింద రాయిని అరగదీస్తుంది. ఆ రాతిపిండి అడుక్కి దిగకుండా నీళ్ళలో తేలుతుంటుంది కాబట్టి అలా పాలు కలిపిన నీలం.

"మంచు కదలడమేంట్రా?" అన్నారు బాబాయ్.

కదలాల్సిందేనట. సొంత బరువుకి తనంతట తాను కిందికి జారుతుంటేనే హిమానీనదం, లేకపోతే ఉత్త మంచు మేట. అమెరికా జియలాజికల్ సర్వే వాళ్ళు ఇంకో కొలత కూడా పెట్టుకున్నారు: కనీసం 25 ఎకరాలుండాలి.

ఎకరాల మాట వినగానే బాబాయ్ కుర్చీ ముందుకి లాక్కున్నారు. "ఎక్కువుందని మా దగ్గర సీలింగులో లాక్కున్నారు. అక్కడ తక్కువైందని లెక్కలోంచే తీసేస్తారా!"

తీసేస్తారు మరి. 1850 ప్రాంతంలో ఆ కొండల్లో 150 దాకా ఉండేవట. 2015 కొలతకి 25 ఎకరాలు దాటినవి 26 మిగిలాయి. ఈ గ్రిన్నెల్ 1966లో సుమారు 250 ఎకరాలు, 2015కి 140 లోపు. ఇందాక మీరు చూసిన చెరువుందే, అది ఒకప్పుడు మంచే. ఎండాకాలం కరిగినంత మంచు చలికాలంలో మళ్ళీ పడట్లేదు. 2020కల్లా అన్నీ పోతాయని పార్కులో బోర్డులు కూడా పెట్టారు. తర్వాత మార్చారు. "అయితే ఉత్తిదేనన్నమాట" అన్నారు బాబాయ్. తేదీ తప్పింది గానీ కరగడం ఆగలేదు బాబాయ్!

ఆయన అసలు ప్రశ్న వేరే. "దానికీ మన గోదారికీ ఏంట్రా సంబంధం?"

నీళ్ళ విషయంలో ఏమీ లేదు. గంగకైతే మంచుకొండలున్నాయి, మనది త్ర్యంబకం దగ్గర పుట్టిన వానల నది. సంబంధం ఈ చివర ఉంది. ఆ ఒక్క పార్కు మంచు లెక్కలోకి రాదు గానీ, ప్రపంచంలో కొండల మీద మంచూ, గ్రీన్‌లాండ్ మంచూ కరిగి చివరికి చేరేది సముద్రంలోకే. ఇటు సముద్రం పెరుగుతుంటే, అటు పైనున్న ఆనకట్టలు ఒండ్రు పట్టేసుకుంటున్నాయి. డెల్టా అంటేనే ఒండ్రు కదండీ! అది రాకపోతే సముద్రం ముందుకొచ్చేస్తుంది. "ఇదివరకు వరద తీస్తే లంక చేలల్లో బెత్తెడు ఒండ్రు మిగిలేది" అన్నారు బాబాయ్.

రేపు అంతర్వేది వెళ్తున్నాం. గోదారి సముద్రంలో కలిసే అన్నాచెల్లెళ్ళ గట్టు దగ్గర సముద్రం ఇదివరకు ఎక్కడుండేదో చూపిస్తానన్నారు బాబాయ్. పడవ దొరికితే ఆ వీడియో ఆదివారం పెడతాను.