పేరు చెప్పని భామ, పేరు పెట్టి పొమ్మన్న రాధ

సభకు నమస్కారం. ఒడిశాలోని మన బరంపురంలో తెలుగు ఇళ్ల పిల్లలకు అభినయం నేర్పేటప్పుడు నాకు తరచుగా ఎదురయ్యే చిక్కు ఒకటుంది. విరహం అనగానే వారి చూపు వాకిలి దాటి దూరానికి పోతుంది. గంజాం జిల్లా నుంచి మగవారు సూరత్ మరమగ్గాల పనికి వెళ్లడం చూస్తూ పెరిగినవారు గనుక, ఎడబాటు అంటే వారికి రైలెక్కిపోయిన మనిషే. ఆ నాయికను శాస్త్రం ప్రోషితభర్తృక అన్నది. ఆమె దుఃఖం చిన్నది కాదు. అయినా ఆమె మనసులో భర్త దగ్గరగానే ఉన్నాడు.

వేరొకతెతో రాత్రి గడిపి వచ్చిన ప్రియుడిపై కోపించే నాయిక ఖండిత. ఆమె దూరం అలాంటిది కాదు. జయదేవుడు 12వ శతాబ్దంలో రచించిన గీతగోవిందం 17వ అష్టపదిలో, రాత్రంతా ఎదురుచూసిన రాధ ముందుకు తెల్లవారాక కృష్ణుడు వచ్చి నిలుస్తాడు. నిద్రలేక ఎర్రబడిన అతని కళ్లను, వేరొకరి కంటి కాటుక అంటిన పెదవిని చూసి ఆమె పొమ్మంటుంది. చేయి చాస్తే అందేవాడిని ఆమడ దూరానికి నెట్టడం హస్తముద్రలతో అయ్యే పని కాదు. చూపు అతని కళ్ల నుంచి పెదవికి దిగి, అక్కడ ఆగి, తిరిగి కళ్లలోకి పోలేక నేలకు జారిపోవాలి. ఏళ్ల సాధన తరువాత కూడా ఆ జారడం నాకు పూర్తిగా పట్టుబడిందని చెప్పలేను.

సిద్ధేంద్రయోగి కూచిపూడి నృత్యరూపకం భామాకలాపంలో అలకతో కృష్ణుణ్ణి దూరం చేసుకున్న సత్యభామ, మగని పేరేమని చెలికత్తె మాధవి అడిగితే చెప్పడానికి సిగ్గుపడుతుంది. తాతగారి పేరు నోట పలకని అమ్మమ్మల ఇళ్లలో పెరిగిన మనకు ఆ సిగ్గు తెలుసు. ఎంత అలిగినా ఆమెలో చనువు చెదరలేదనడానికి అదే ఆనవాలు. రాధ అయితే మాధవా, కేశవా అని పేరు పెట్టి పిలిచి మరీ పొమ్మంటుంది. పేరు పలకడమే అక్కడ తెగిపోవడం.

ఈ ఊళ్లోనే 1944లో పుట్టిన సంయుక్త పాణిగ్రాహి ఒడిస్సీ ఆడితే, సినిమా పాటల అవకాశాలను వదులుకొని వచ్చిన భర్త రఘునాథ్ పాణిగ్రాహి అష్టపదులు పాడేవారు. అలిగి ముఖం తిప్పుకునే రాధగా ఆడేది భార్య. ఆ అలకకు గొంతునిచ్చినవారు భర్త. అంత నమ్మకం ఉన్నచోటే అంత ఎడాన్ని ఆడి చూపడం సాధ్యమని నేను అనుకుంటాను.

ఇప్పుడు నా శిష్యురాలు ముందు భామను, తరువాత రాధను అభినయిస్తుంది. ఆమె పాదాలను కాక, పేరు దగ్గర ఆమె చూపు ఎక్కడ ఆగుతుందో గమనించవలసిందిగా కోరుతున్నాను.