470 ఏ ప్రశ్నకు జవాబు?

అందరికీ నమస్కారం.

ఎక్కాలు రాని పిల్లల గురించి మాట్లాడటానికి నేను రాలేదు. ఎక్కాలు గడగడా అప్పజెప్పి, కూడికలూ గుణకారాలూ పొల్లుపోకుండా చేసి, "మొత్తం ఖర్చు ఎంత?" అని మూడు వాక్యాల లెక్క ఇవ్వగానే బిక్కమొహం వేసే పిల్లలున్నారు. మన తరగతుల్లో వాళ్లే ఎక్కువ. నా మాటలన్నీ వాళ్ల గురించే.

1980 ప్రాంతంలో ఫ్రాన్స్‌లోని గ్రెనోబుల్‌లో పరిశోధకులు చిన్న తరగతుల పిల్లలకు ఒక లెక్క ఇచ్చారు. ఓడలో 26 గొర్రెలు, 10 మేకలు ఉన్నాయి, కెప్టెన్ వయసెంత? 97 మందిలో 76 మంది ఆ అంకెలతోనే ఏదో ఒకటి చేసి వయసు తేల్చేశారు. మనకు నవ్వు వస్తుంది. కానీ వాళ్లు చేసింది మనం నేర్పిన పనే. లెక్కలో అంకెలు కనిపిస్తే కలపాలా గుణించాలా అని ఊహించాలి, జవాబు రాయాలి, కింద రెండు గీతలు గీయాలి. అంతే కదా?

ఇప్పుడు మామూలు లెక్క ఒకటి చూద్దాం. నోటుపుస్తకం ధర 35 రూపాయలు, పెన్ను ధర 12 రూపాయలు. 4 పుస్తకాలు, 6 పెన్నులు కొంటే మొత్తం ఎంత? జవాబు 212 అని మీకు తెలుసు. పుస్తకాలకు 140, పెన్నులకు 72. అయితే ప్రతి తరగతిలోనూ కొందరు 470 అని రాస్తారు. 35కి 12 కలిపితే 47, 4కి 6 కలిపితే 10, రెండింటినీ గుణిస్తే 470. కూడికలు సరిగ్గానే ఉన్నాయి, గుణకారమూ సరిగ్గానే ఉంది. మనం ఎర్ర సిరాతో కొట్టేసి పక్క కాగితానికి వెళ్లిపోతాం.

కొట్టేసేముందు ఒక్క నిమిషం ఆగమంటాను. 47 రూపాయలంటే ఏమిటి? ఒక పుస్తకం, ఒక పెన్ను కలిసిన జత ధర. అలాంటి జతలు 10 కొంటే 470 అవుతుంది. అంటే ఆ పిల్ల 10 పుస్తకాలు, 10 పెన్నులు కొన్న లెక్కకు సరైన జవాబు రాసింది. మనం అడిగింది ఆ లెక్క కాదు, అంతే తేడా. "తప్పు" అనడానికి బదులు "ఇది ఏ ప్రశ్నకు జవాబు?" అని అడిగి చూడండి. బోర్డు మీద 470 రాసి, ఆ డబ్బుతో ఏమేం వచ్చాయో తరగతి చేత చెప్పించండి. 35 పక్కన "ఒక పుస్తకానికి రూపాయలు" అనీ, 4 పక్కన "పుస్తకాలు" అనీ రాయించండి. అలా రాసిన పిల్లలు పుస్తకాల సంఖ్యను పెన్నుల సంఖ్యతో కలిపేముందు వాళ్లంతట వాళ్లే ఆగుతారు. నన్నడిగితే ఉత్త అంకె రాసిన జవాబుకు పూర్తి మార్కులు వేయకూడదు. ఈ మాట మీలో కొందరికి నచ్చదు, తెలుసు.

ఇంకొక పని, లెక్క మొదలుపెట్టకముందే చేయించేది. వస్తువులు మొత్తం 10. అన్నీ పెన్నులే అయితే 120, అన్నీ పుస్తకాలే అయితే 350. జవాబు ఈ రెండింటి మధ్యే ఉండాలి. అర నిమిషం పట్టని ఈ పని చేసిన పిల్లలు 470 రాయలేరు.

ఇక "గుర్తు పదాలు" అనే జబ్బు. "మొత్తం" అంటే కూడిక, "ఎక్కువ" అంటే కూడిక, "మిగిలినది" అంటే తీసివేత అని పట్టిక వేసి గోడకు అంటిస్తాం. ఈ లెక్క చూడండి: పుస్తకం ధర 60 రూపాయలు. అది పెట్టె ధర కంటే 15 రూపాయలు ఎక్కువ. రెండూ కొంటే మొత్తం ఎంత? పట్టికను నమ్మిన పిల్లవాడు పెట్టె 75 అనుకుని 135 రాస్తాడు. "రెండింటిలో ఏది ఖరీదైనది?" అని ముందే అడిగితే పుస్తకమేనని ఎవరైనా చెబుతారు. అప్పుడు పెట్టె 45, మొత్తం 105. ఆ పట్టికలు గోడల మీద నుంచి పీకేస్తేనే మేలు.

కొలతల దగ్గర తప్పులు మరీ పెద్దవి. తీగ మీటరు 80 రూపాయలు, 250 సెంటీమీటర్లకు ఎంత? 80ని 250తో గుణించి 20,000 అని నిశ్చింతగా రాసేస్తారు. క్రీ.శ. 499 నాటి ఆర్యభటుడి త్రైరాశికం, అంటే తెలిసిన మూడు రాశులతో నాలుగోది కనుక్కునే పద్ధతి, ఇక్కడ చక్కగా పనికొస్తుంది. ధర తెలిసిన పొడవు ప్రమాణం, 100 సెంటీమీటర్లు. దాని ధర ఫలం, 80 రూపాయలు. మనకు కావలసిన పొడవు ఇచ్ఛ, 250 సెంటీమీటర్లు. ఫలాన్ని ఇచ్ఛతో గుణించి ప్రమాణంతో భాగిస్తే 200 రూపాయలు. ప్రమాణం, ఇచ్ఛ ఒకే జాతివి కావాలన్న నియమంలోనే మన మీటరు, సెంటీమీటరు గొడవ తీరిపోతుంది. అయితే త్రైరాశికం అన్నిచోట్లా పారదు. రవాణాకు 40 రూపాయలు, ఆపైన వస్తువుకు 15 చొప్పున అయితే 4 వస్తువులకు 100 అవుతుంది. 8 వస్తువులకు 200 కాదు, 160.

పెన్నులు 8 చొప్పున పెట్టెల్లోనే దొరుకుతాయి, పెట్టె 90 రూపాయలు, 50 పెన్నులు కావాలి. భాగిస్తే 6, శేషం 2. కొనాల్సింది 7 పెట్టెలు, ఖర్చు 630. కొందరు 540 రాస్తారు, దశాంశాలు వచ్చినవాళ్లు 562.50 రాస్తారు. శేషాన్ని ఏం చేయాలో భాగహారం చెప్పదు, ప్రశ్న చెబుతుంది. 1980ల మొదట్లో అమెరికా జాతీయ పరీక్షలో బస్సుకు 36 మంది చొప్పున 1,128 మంది సైనికులకు ఎన్ని బస్సులు కావాలని 13 ఏళ్ల పిల్లలను అడిగితే, 29 శాతం మంది "31, శేషం 12" అని రాశారు. 32 అన్నవాళ్లు 23 శాతమే.

చివరగా తిరగేసిన లెక్క. 5 రూపాయలవీ 8 రూపాయలవీ కలిపి 20 వస్తువులు కొన్నాం, మొత్తం 124 రూపాయలు అయింది. ఏవి ఎన్ని? మనం వెంటనే ఎక్స్, వై అంటూ సమీకరణాల్లోకి దిగుతాం. ఆరో తరగతి పిల్లలకు అంత అవసరం లేదు. అన్నీ 5 రూపాయలవే అనుకోమనండి. 100 అవుతుంది, ఇంకా 24 రూపాయలు లెక్కకు రావాలి. ఒక్కొక్క 5 రూపాయల వస్తువు తీసి 8 రూపాయలది పెడితే 3 రూపాయలు పెరుగుతుంది. 24 పెరగాలంటే 8 సార్లు మార్చాలి. 8 రూపాయలవి 8, 5 రూపాయలవి 12. సరిచూస్తే 64, 60, మొత్తం 124. సమీకరణాలు తర్వాత తరగతుల్లో ఎలాగూ వస్తాయి. అప్పుడు ఈ లెక్కనే మళ్లీ ఇచ్చి, ఎక్స్‌తో రాసిన ప్రతి వరుసలో ఈ 100, 24, 3 ఎక్కడెక్కడ ఉన్నాయో వెతికించండి.

నావైపు నుంచి ఇంతే. మీ పిల్లల కాగితాలు తెచ్చినవాళ్లు బయటికి తీయండి, ఇప్పుడు వాటిని చూద్దాం.