ఆరు తప్పులు కావు, ఒకటే

శ్రోతలకు నమస్కారం.

కడపలో చాలా ఏళ్లు చిన్న తరగతులకు లెక్కలు చెప్పాను. మూడో తరగతి పిల్లవాడొకడు పది తీసివేతలు చేస్తే ఆరు తప్పు. 52లోంచి 27 తీయమంటే 35 అని రాశాడు. పదో తరగతిలో గట్టెక్కించే అంకే, కానీ ఇక్కడ పనికిరాదు. ఎర్ర సిరాతో కొట్టేసి ‘మళ్లీ చేయి’ అని రాశాను. మర్నాడు మళ్లీ చేసుకొచ్చాడు. అంకెలు గుండ్రంగా కుదిరాయి, జవాబులు మాత్రం అవే.

అప్పటికి నాకు బుద్ధి వచ్చి, పక్కన కూర్చోబెట్టుకున్నాను. “ఇది ఎలా చేశావు నాయనా?”

“రెండులోంచి ఏడు పోదు కదా సార్. అందుకే ఏడులోంచి రెండు తీశాను.”

మిగతావీ చూశాను. 64లోంచి 38 తీస్తే 34. 81లోంచి 46 తీస్తే 45. పైన చిన్న అంకె ఉన్నచోటల్లా అదే పని. ఆరు తప్పులు కావు, ఒకటే తప్పు. ఆరుసార్లు, ఎంతో నమ్మకంగా.

1978లో జాన్ సీలీ బ్రౌన్, రిచర్డ్ బర్టన్ అనే అమెరికా పరిశోధకులు సరిగ్గా ఇలాంటి తప్పులనే పరిశీలించి, కంప్యూటర్ ప్రోగ్రాములో దొర్లే దోషాలతో పోల్చారు. మన కడపవాళ్లకు బ్రౌన్ అంటే నిఘంటువు బ్రౌన్ దొరే, ఈయన వేరు.

ఆ పిల్లవాడి అమ్మది కారం దోసెల బండి. సాయంత్రాలు చిల్లర లెక్క వాడిదే. అడిగాను: “నీ దగ్గర ఐదు పదినోట్లు, ఒక రెండు రూపాయల బిళ్ల ఉన్నాయి. నాకు 27 ఇవ్వాలి. ఎలా ఇస్తావు?”

“ఒక పదినోటు పక్క బండిలో మార్చుకొస్తా సార్.”

“ఎంత మిగిలింది?”

వేళ్లు మడిచాడు. “ఇరవై అయిదు.” నోటుబుక్కులో 35 వంక చూసి నాలుక కరుచుకున్నాడు.

వారం రోజులు బోర్డు మీద ‘పదుల దగ్గర అప్పు తెచ్చుకో’ అని చెప్పినవాణ్ణి నేనే. అప్పంటే తీర్చాలి కదా, ఈ అప్పు ఎవరూ తీర్చరు. ఆ మాటే పిల్లలను తికమకపెడుతుందేమోనని నాకు ఇప్పటికీ అనుమానం. చిల్లర మార్చడం వాడికి ఎప్పుడో వచ్చు.

ఈ రాత్రి మీ పిల్లల లెక్కల పుస్తకం తెరిస్తే, తప్పు కనబడగానే రబ్బరు అందించకండి. ఎలా చేశావని అడగండి. ఒప్పుగా చేసిన లెక్కనూ అదే గొంతుతో అడగండి. తప్పు దగ్గర మాత్రమే అడిగితే, మీరు నోరు తెరవగానే వాడు రబ్బరు వెతుక్కుంటాడు.

నమస్కారం.