రంగు మారితే మూడ్ మారుతుందా?

గోడకి నీలం వేస్తే ప్రశాంతత, ఎరుపు వేస్తే కోపం, పసుపైతే హుషారు... ఇలాంటి చార్టులు మీరూ చూసే ఉంటారు. నాకు వాటి మీద పెద్దగా నమ్మకం లేదు. రంగుకి ప్రభావం లేదని కాదండోయ్! మూడ్ సంగతి తర్వాత, ముందు అది మన చూపునీ తీర్పునీ పట్టేస్తుంది.

పారిస్‌లో గోబెలిన్స్ అని బొమ్మల తెరలు నేసే పేరున్న కార్ఖానా ఉంది. 1824లో అక్కడి అద్దకం పనులకి షెవ్రూల్ అనే రసాయన శాస్త్రవేత్త అధిపతిగా వచ్చాడు. ఆయనకో ఫిర్యాదు వచ్చింది. తెరల బొమ్మల్లోని నీలం, ఊదా బట్టల మడతల్లో నీడ కోసం వాడే నల్లదారం వెలిసినట్టు కనిపిస్తోందని. ఆయన వేరే చోట్ల అద్దిన నల్ల ఉన్ని తెప్పించి పక్కపక్కన పెట్టి చూశాడు. అద్దకంలో ఏ లోపమూ లేదు! పక్కనున్న నీలమే ఆ నలుపుని చెడగొడుతోంది. దీని మీద ఆయన 1839లో ఏకంగా పెద్ద పుస్తకమే రాశాడు.

మీరూ చూడొచ్చు. ఒకే బూడిదరంగు కాగితం రెండు ముక్కలు చేసి, ఒకటి నల్ల అట్ట మీద, ఇంకోటి తెల్ల అట్ట మీద పెట్టండి. నలుపు మీదది లేతగా, తెలుపు మీదది ముదురుగా కనిపిస్తాయి. రెండూ ఒకటేనని తెలిసినా కన్ను ఒప్పుకోదు.

నాలుకా అంతే. 2001లో ఫ్రాన్స్‌లో వైన్ చదువుకునే 54 మంది విద్యార్థులకి తెల్ల వైన్‌లోనే వాసన లేని ఎర్ర రంగు కలిపి ఇచ్చారు. వాళ్లు దాన్ని రెడ్ వైన్‌కి వాడే మాటలతోనే వర్ణించారు!

2008లో వచ్చిన మరో ప్రయోగం ఇంకా తమాషా. తైక్వాండో పోటీల వీడియోల్లో ఆటగాళ్ల ఎరుపు, నీలం రంగుల్ని కంప్యూటర్‌లో తారుమారు చేసి రిఫరీలకి చూపించారు. అవే దెబ్బలు. అయినా ఎరుపులో ఉన్నవాళ్లకే ఎక్కువ పాయింట్లు పడ్డాయి.

మరి మూడ్? 1979లో సియాటిల్‌లోని ఓ నేవీ జైలు గదికి గులాబీ రంగు వేస్తే ఖైదీలు శాంతించారన్నారు. ఇంకొన్ని జైళ్లూ అదే బాట పట్టాయి. తర్వాత జాగ్రత్తగా పరీక్షిస్తే ఆ ప్రభావం కనిపించలేదు.

గోడ రంగు కంటే లైటు సంగతే గట్టిది. నీలం పాళ్లు ఎక్కువున్న వెలుతురు రాత్రిపూట కంట్లో పడితే నిద్రవేళ అయిందని ఒంటికి చెప్పే మెలటోనిన్ అనే హార్మోన్ తగ్గి నిద్ర ఆలస్యమవుతుంది. కాబట్టి పడకగదికి పెయింట్ కంటే ముందు బల్బు చూసుకోండి. పెయింటే వేయించాలంటే, షేడ్ కార్డులోని చిన్న ముక్క చూసి తేల్చేయకండి. గోడ మీదే ఓ పెద్ద పట్టీ వేయించి, పగలోసారి, రాత్రి లైట్లేసి ఓసారి చూడండి.