తివాచీకి పేరెవరు పెట్టారు?

అందరికీ నమస్కారం.

మాట మొదలుపెట్టే ముందు ఈ బల్ల మీది ఎర్ర తివాచీని బోర్లా తిప్పుతున్నాను. ఇప్పుడు మీకు కనిపిస్తున్నది దాని వీపు. పైవైపు ఉన్ని కప్పేసిన ముడులన్నీ ఇక్కడ నువ్వుగింజల్లా వరుసగా బయటపడతాయి. తివాచీలు సేకరించేవాళ్లు దుకాణంలో అడుగుపెట్టగానే ముందు మూల ఎత్తి వీపు చూస్తారు. పాతికేళ్ల కిందట నాకా సంగతి తెలియదు. 'అసలైన బుఖారా, అన్నీ చెట్ల రంగులే' అని దుకాణదారు ప్రమాణం చేసినంత పని చేస్తే, రెండు నెలల జీతం పోసి దీన్ని కొన్నాను. ఇంటికి తెచ్చి తడి చేతిరుమాలుతో రుద్దాను. రుమాలు పెళ్లికూతురి పారాణిలా ఎర్రబడింది.

రంగు విషయంలో మోసపోయానని అప్పుడే తెలిసింది. పేరు విషయంలోనూ మోసపోయానని తెలియడానికి చాలా ఏళ్లు పట్టింది. బుఖారా తివాచీలని లోకమంతా పిలిచేవాటిని నేసింది మధ్య ఆసియాలోని బుఖారా నగరవాసులు కారు. తుర్క్‌మెన్ తెగల ఆడవాళ్లు, ముఖ్యంగా టెక్కే తెగవారు, గుడారాల దగ్గర నేల మీద అడ్డంగా బిగించిన మగ్గాలపై నేసేవారు. ఆ సరుకు బుఖారా సంతకు చేరేది, సంత పేరు దానికి అంటుకుంది. ఏ చేలో పండినా గుంటూరు యార్డులో కాటా పడితే గుంటూరు మిర్చి అయిపోయినట్టు.

అప్పటినుంచి నాకో అలవాటు పట్టుకుంది. ఏ తివాచీ పేరు విన్నా, ఈ పేరు పెట్టిందెవరని ఆరా తీస్తాను. నేసినవాళ్లు పెట్టిన పేరు దొరకడం చాలా అరుదు. పర్షియా (ఇప్పటి ఇరాన్) రాజు షా అబ్బాస్ కాలంలో పట్టుతో, వెండి బంగారు జరీతో అక్కడ నేసిన తివాచీలున్నాయి. వాటిని 'పోలోనేజ్', అంటే పోలండువి, అంటారు. కారణం వింటే నవ్వొస్తుంది. 1878 పారిస్ ప్రదర్శనలో పోలండు రాకుమారుడొకరు తన సొంత తివాచీలను పెట్టారు. చూసినవాళ్లు అవి పోలండులోనే నేసినవనుకున్నారు. పొరపాటు తేలిపోయింది, పేరు మాత్రం మిగిలింది. పశ్చిమ అనటోలియా, అంటే ఇప్పటి టర్కీ, నేతకు ఐరోపా చిత్రకారుడు హోల్బైన్ పేరు వచ్చింది. ఆయన బొమ్మల్లో అలాంటి తివాచీలు బల్లల మీద పరిచి ఉంటాయి. అంత డబ్బు పోసి కొన్నదాన్ని కాళ్లతో తొక్కడానికి వాళ్లకు మనసొప్పేది కాదు మరి. 2013లో న్యూయార్క్ వేలంలో 3 కోట్ల 37 లక్షల డాలర్లు పలికిన ఇరాన్ కెర్మాన్ తివాచీకి క్లార్క్ అని పేరు. క్లార్క్ దాన్ని కొన్న అమెరికా రాగి గనుల యజమాని.

ముడి పేర్లదీ ఇదే గొడవ. పడుగులోని రెండు పోగులకూ ఉన్నిని సమంగా చుట్టి మధ్యలోంచి లాగితే అది టర్కీ ముడి. ఒక పోగుకు పూర్తిగా చుట్టి, రెండో పోగు వెనకనుంచి తీసి వదిలేస్తే పర్షియా ముడి. ఈ రెండోదానికి పుస్తకాల్లో 'సెన్నె ముడి' అని మరో పేరుంది. ఇరాన్‌లోని ఆ సెన్నె ఊరి నేతగాళ్లు వేసేది మాత్రం మొదటి రకం ముడి!

ఇక ఇరాన్ ఊరు అర్దబిల్ పేరు మోసే తివాచీ. లండన్ విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియంలో గాజు గది మధ్యలో, నేల మీదే పరిచి ఉంటుంది. పదిన్నర మీటర్ల పొడవు, అయిదు మీటర్లకు పైగా వెడల్పు, సుమారు 2 కోట్ల 60 లక్షల ముడులు. రంగులు వెలిసిపోకుండా చీకట్లో ఉంచి, అరగంటకోసారి పది నిమిషాలు దీపాలు వేస్తారు. ఆ పది నిమిషాల కోసం జనం గుడిలో తెర తీసే వేళకు నిలబడ్డట్టు నిలబడతారు. మధ్యలో పసుపు పచ్చని పతకం, దాని రెండు చివర్లా వేలాడే దీపాల బొమ్మలు, వెనక నీలిమందు ముదురు నీలం. ఒక అంచు దగ్గర చిన్న పెట్టెలో హాఫిజ్ కవి ద్విపద, దాని కింద 'ఆస్థాన సేవకుడు మక్సూద్ కాషానీ పని' అన్న మాట, హిజ్రీ 946. అంటే మన లెక్కలో 1539–40. పేరు దొరికిందని సంతోషించేలోపే ఇంకో చిక్కు. మక్సూద్ నేసినవాడా, నమూనా గీసినవాడా, పని చేయించినవాడా అన్నది ఆ అక్షరాలు చెప్పవు. అంత తివాచీ ఒక మనిషి చేతిమీద అయ్యే పని కాదు.

దీని కథలో నాకు మింగుడుపడని భాగం ఒకటుంది. ఇది ఒంటరిది కాదు, జంటలో ఒకటి. రెండూ అరిగిపోతే, ఒకదాన్ని బాగుచేయడానికి రెండోదాన్ని ముక్కలు కోశారు. బాగుపడినదాన్ని ఇంగ్లిష్ నమూనాకారుడు విలియం మోరిస్ సిఫారసు మీద 1893లో మ్యూజియం 2000 పౌన్లకు కొంది. అంచు పోగొట్టుకున్న తోబుట్టువు ఇప్పుడు లాస్ ఏంజెలెస్‌లో ఉంది. సేకరణ అంటే కాపాడడమేనని అనుకునేవాళ్లు ఆ రెండోదాన్ని ఒకసారి చూసి రావాలి.

మన ఊళ్లకు వద్దాం. మచిలీపట్నం, ఏలూరు, వరంగల్. గోల్కొండ రేవు మచిలీపట్నం నుంచి డచ్చివాళ్లు వ్యాపారం చేసిన రోజుల్లో కోరమాండల్ తీరపు తివాచీలు ఓడలెక్కాయి. జపాన్‌లో అడుగుపెట్టడానికి అనుమతి ఉన్న ఐరోపావాళ్లు అప్పట్లో డచ్చివాళ్లే కనుక, కొన్ని అక్కడిదాకా వెళ్లాయి. క్యోటోలో ఏటా జులైలో గియోన్ పండుగకు పెద్ద పెద్ద రథాలు లాగుతారు. ఒక్కో పేటది ఒక్కో రథం, మన ఊరి రథోత్సవంలో ఉన్నట్టే పేటల మధ్య పోటీ కూడా ఉంటుంది. ఆ రథాల పక్కలకు వేలాడదీసే విదేశీ బట్టల్లో తివాచీలున్నాయి. నేత తీరునూ రంగులనూ పోల్చి చూశాక, వాటిలో కొన్ని మన దక్కన్‌వని పరిశోధకులు తేల్చారు. మన దగ్గర మిగలనివి అక్కడ మిగిలాయి. పండుగ కాగానే మడిచి పెట్టెలో దాచుకుంటారు కనుక కాళ్ల కింద నలగలేదు, ఎండకు వెలవలేదు.

మన వైపు కథ వేరు. 1851 లండన్ మహాప్రదర్శనలో వరంగల్ తివాచీలు మెప్పు పొందాయి. మెప్పు వెంట ఆర్డర్లు, ఆర్డర్ల వెంట 'చౌకగా, త్వరగా' అన్న ఒత్తిడి. 1880 నాటికే మచిలీపట్నం నేత ఇంగ్లిష్ వర్తకుల చేతుల్లో పాడైపోయిందని భారతీయ కళల మీద పుస్తకం రాసిన ఆంగ్లేయుడు జార్జ్ బర్డ్‌వుడ్ వాపోయాడు. 1856లో ఇంగ్లిష్ రసాయన శాస్త్రవేత్త పెర్కిన్ రసాయన రంగు కనిపెట్టాక, మంజిష్ఠ వేరు ఉడికించి పటికతో రంగు పట్టించే ఓపిక ఎక్కడైనా తగ్గింది. చెట్ల రంగుతో నేసిన తివాచీలో ఒకే ఎరుపు అడ్డంగా చారలు చారలుగా మారుతుంటుంది. ఒక కాగు రంగు అయిపోయి ఇంకో కాగు మొదలైన చోటది. కొత్తగా కొనేవాళ్లు దాన్ని లోపమనుకుని బేరమాడతారు. అమ్మేవాడు తెలివైనవాడైతే మారు మాట్లాడకుండా లోపల పెట్టేస్తాడు.

నాకిచ్చిన సమయం అయిపోయింది. బల్ల దగ్గరికి రండి. అగ్గిపుల్లను అంగుళం పొడవుకు విరిచి పెట్టాను, దాన్ని వీపు మీద ఆనించి ముడులు లెక్కపెట్టండి. నాకు తొమ్మిది వచ్చాయి. చేతులు కడుక్కుని వచ్చేవాళ్లు మాత్రం బాగా తుడుచుకుని ముట్టుకోండి, రంగు అంటుతుంది.