భూమి మోతను పట్టే కాయిల్: షూమన్ రెజొనెన్స్

స్క్రీన్ మీద ఒక గ్రాఫ్ ఉందనుకోండి. 7.8 హెర్ట్జ్ (సెకనుకు 7.8 ఊపులు) దగ్గర ఒక గుట్ట, 14 దాటగానే ఇంకొకటి, 20.8 దగ్గర మూడోది. ఈ గుట్టలు లేవడానికి కారణం ఆఫ్రికాలో, దక్షిణ అమెరికాలో, ఆగ్నేయాసియాలో మెరుస్తున్న మెరుపులు. వేల కిలోమీటర్ల అవతలి ఉరుముల వానని మట్టిలో పాతిన ఒక కాయిల్ (తీగ చుట్ట) పసిగడుతోంది. తరంగం తనతో తానే కలిసి బలపడటాన్ని రెజొనెన్స్ అంటారు, భూమి చుట్టూ జరిగే ఈ రెజొనెన్స్ పేరు షూమన్ రెజొనెన్స్.

ముందు చిన్న లెక్క. కింద నేల, పైన అయనోస్ఫియర్ (వాతావరణం పై భాగంలో విద్యుదావేశ కణాలున్న పొర), రెండూ విద్యుత్తును పోనిస్తాయి. మెరుపుతో పుట్టిన తరంగం ఈ రెండు గోడల మధ్య చిక్కి భూమిని చుట్టేస్తుంది. చుట్టుకొలత 40,000 కిలోమీటర్లు, కాంతి వేగం సెకనుకు 3 లక్షల కిలోమీటర్లు, అంటే సెకనుకు ఏడున్నర చుట్లు. చుట్టి వచ్చిన తరంగం తనతో తానే కలిసి బలపడేది దాదాపు ఆ ఫ్రీక్వెన్సీలోనే. గోళానికి సరిపడే కచ్చితమైన సూత్రం వేస్తే 10.6 వస్తుంది. కానీ అయనోస్ఫియర్ గట్టి గోడ కాదు, శక్తిని మింగేస్తుంది, అందుకే 7.8కి దిగుతుంది. దీన్ని 1952లో జర్మన్ భౌతిక శాస్త్రవేత్త విన్‌ఫ్రీడ్ ఒట్టో షూమన్ లెక్కగట్టాడు, 1960లో బాల్సర్, వాగ్నర్ అనే పరిశోధకులు కొలిచి చూపించారు.

ఇప్పుడు కాయిల్. పట్టాల్సిన అయస్కాంత క్షేత్రం సుమారు 1 పికోటెస్లా (టెస్లాలో లక్ష కోట్లవ వంతు). భూమి సొంత క్షేత్రం దీనికి దాదాపు 5 కోట్ల రెట్లు. ఈ ఒక్క నిష్పత్తి గుర్తుంచుకోండి, చాలా ఇబ్బందులు ఇక్కడినుంచే వస్తాయి.

25 మిల్లీమీటర్ల మందం, మీటరు పొడవున్న ఫెర్రైట్ (అయస్కాంత క్షేత్రాన్ని కూడగట్టే ఇనుప ఆక్సైడ్ పదార్థం) కడ్డీ తీసుకోండి, ఇదే కాయిల్‌కి కోర్. ముక్కలు అతికిస్తే మధ్యలో ఖాళీ ఉండకూడదు, వెంట్రుకంత సందు ఉన్నా కోర్ బలం పడిపోతుంది. దాని మీద 0.2 మిల్లీమీటర్ల ఎనామెల్ రాగి తీగ 50,000 చుట్లు. అంటే 6 కిలోమీటర్ల తీగ, 3,300 ఓమ్‌ల నిరోధం. ఒకే మొత్తంగా చుట్టకుండా ఏడెనిమిది అరలుగా విడదీసి చుట్టండి, కెపాసిటెన్స్ (చుట్ల మధ్య ఛార్జ్ నిలిచిపోయే గుణం) తగ్గుతుంది. కోర్ క్షేత్రాన్ని తక్కువలో తక్కువ వంద రెట్లు పెంచిందనుకున్నా 7.8 హెర్ట్జ్ దగ్గర చేతికి వచ్చేది 0.1 మైక్రోవోల్ట్. దీన్ని యాంప్లిఫయర్‌తో పదివేల రెట్లు పెంచితే 1 మిల్లీవోల్ట్. ఆ పెంపు ఒకే దశలో చేయకండి. మొదటి దశలో వంద రెట్లు చాలు, లేకపోతే కరెంటు లైన్ల 50 హెర్ట్జ్ వచ్చి యాంప్లిఫయర్‌ని నింపేస్తుంది. మొదటి దశ కాయిల్ పక్కనే ఉండాలి. అక్కడ పొడవైన కేబుల్ వేస్తే దాని కెపాసిటెన్స్ వల్ల కాయిల్ సొంత రెజొనెన్స్ కిందికి జారి, గ్రాఫ్‌లో నిజంగా లేని గుట్టని పుట్టిస్తుంది.

కాయిల్‌ని పీవీసీ పైపులో పెట్టి, ఇసుక దట్టించి, అర మీటరు నుంచి మీటరు లోతున పాతాలి. ఇనుప పైపు క్షేత్రాన్ని పక్కకి లాగేస్తుంది, వద్దు. ఎందుకంత లోతు? కడ్డీ కొస 20 నానోమీటర్లు ఊగితే చాలు, భూమి క్షేత్రం వల్ల పుట్టే వోల్టేజ్ మన సిగ్నల్‌తో సమానమవుతుంది. గాలికి చెట్టు ఊగితే వేరు కదులుతుంది, వేరు కదిలితే మట్టి కదులుతుంది. అందుకే చెట్లకీ, రోడ్డుకీ, ముఖ్యంగా కరెంటు లైన్లకీ వీలైనంత దూరంగా పాతండి.

శాంప్లింగ్‌లో, అంటే సిగ్నల్‌ని సెకనుకు ఇన్నిసార్లని కొలవడంలో, జరిగే పొరపాటు మాత్రం నిండా ముంచుతుంది. సెకనుకు 64 శాంపిళ్లు తీశారనుకోండి, 50 హెర్ట్జ్ మడతపడి 14 హెర్ట్జ్ దగ్గర కనిపిస్తుంది, సరిగ్గా రెండో గుట్ట పక్కనే! ఏడీసీకి (సిగ్నల్‌ని అంకెలుగా మార్చే చిప్‌కి) ముందు 45 హెర్ట్జ్ పైన కోసే ఫిల్టర్ పెట్టి, సెకనుకు కనీసం 200 శాంపిళ్లు తీయండి. 30 సెకన్ల ముక్కలకి స్పెక్ట్రమ్ (ఏ ఫ్రీక్వెన్సీలో ఎంత బలముందో చూపే గ్రాఫ్) తీసి, పదిహేను నిమిషాల ముక్కల్ని సగటు చేస్తే గుట్టలు పైకి తేలతాయి.

నిజమైన గుట్టని గుర్తుపట్టేది దాని వెడల్పుని బట్టి. ఒకటిన్నర, రెండు హెర్ట్జ్ వెడల్పున మెత్తగా ఉంటుంది. సూదిలా నిటారుగా లేచిందంటే అది మనిషి చేసిన యంత్రం. కొన్ని ఐరోపా రైళ్ల 16.7 హెర్ట్జ్ కరెంటు అలాగే కనిపిస్తుంది.

"7.83 పెరిగిపోతోంది, 40కి చేరింది" అని ఇంటర్నెట్‌లో రంగురంగుల గ్రాఫ్ బొమ్మలు తిరుగుతుంటాయి, నమ్మకండి. భూమి చుట్టుకొలత మారితే తప్ప అంత జరగదు. అయనోస్ఫియర్ ఎత్తుని బట్టి గుట్ట కొంచెం అటూ ఇటూ జరుగుతుంది, అంతే. ఆ బొమ్మల్లో తెల్లగా వెలిగిపోయే పట్టీ చాలాసార్లు కొలిచే స్టేషన్ దగ్గర్లో పడిన పిడుగే.

రోజులో ముఖ్యంగా మారేది గుట్టల బలమే. ఆసియా మెరుపులు యూటీసీ (ప్రపంచ ప్రామాణిక సమయం) 8 గంటల ప్రాంతంలో, ఆఫ్రికావి 14కి, అమెరికావి 20కి పెరుగుతాయి, ఎక్కడికక్కడ అది మధ్యాహ్నం దాటిన వేళ. ఉత్తర-దక్షిణంగా పెట్టిన కాయిల్ తూర్పు, పడమరల మెరుపుల్ని బాగా పడుతుంది, తూర్పు-పడమరగా పెట్టింది మిగతా దిక్కుల్ని. రెండూ ఉండాలి.

ఇక అన్నిటికన్నా గట్టి పరీక్ష. అసాధారణంగా పెద్ద మెరుపు మెరిస్తే క్యూ-బర్స్ట్ అనే మోత లేచి అర సెకనులో ఆరిపోతుంది. రెండు ఖండాల్లో రెండు కాయిళ్లు పెట్టి, రెండింటికీ జీపీఎస్ గడియారం కట్టండి. అదే మోత రెండు రికార్డుల్లోనూ సెకనులో పదో వంతు తేడాలోపే కనిపించాలి. ఒకదానిలో ఉండి రెండోదానిలో లేకపోతే, ముందు మీ కాయిల్ చుట్టుపక్కల ఏం కదిలిందో వెతకండి.